రెండు డబ్బాలకు ఒకటే పేరు

ఆ గురువారం పొద్దున పది గంటలకు రుఖియా ఒక పరీక్షల చీటీ వెనక చేయాల్సిన పనులు రాసుకుంది.

ఇజ్జా అత్త మూత్రం ఇంకోసారి చూడాలి. పొద్దున ఫోన్ చేసిన రాజధాని రబాత్‌లోని విషచికిత్స కేంద్రం నుంచి జవాబు కోసం చూడాలి. సంతలో హాజీ ఎంబారెక్ మూలికల కొట్టుకు వెళ్ళి, మంగళవారం అత్తకు ఏ పొడి ఇచ్చారో కనుక్కోవాలి. నాన్నకు కబురు చెప్పాలి, అదీ ఆయన కంగారు పడకుండా. పొద్దున తను చెప్పిన మాట తప్పయితే ఆ సంగతి డాక్టరుతో ఒప్పుకోవాలి.

చివరిది రాసి, కొట్టేసి, మళ్ళీ రాసింది.

కిందటి వారం కథ ఎక్కడ ఆగిందో నాలుగు ముక్కల్లో చెప్పుకుందాం. రుఖియా మేనత్త ఇజ్జాకు కొద్దిరోజులుగా చిగుళ్ళ వాపు. మంగళవారం రిస్సానీ సంతలో తకావుత్ పొడి కొనుక్కొచ్చింది. ఎడారి అంచున పెరిగే ఒక చెట్టు కొమ్మల మీద, పురుగు కుట్టిన చోట కాసే కాయ అది. మనకు మాచికాయ ఎలాగో వాళ్ళకు తకావుత్ అలాగ. తోళ్ళు పదును చేయడానికీ అదే, చిగుళ్ళకూ అదే. ఈ రోజు పొద్దున్నే నమాజు చేసుకుని, పొడిని నీళ్ళలో మరిగించి పుక్కిలించింది. కడుపు కూడా బాగాలేదని మిగిలిన సగం గ్లాసూ తాగేసింది. ఎనిమిదింటికి పొరుగువాళ్ళు ఆమెను ఆసుపత్రికి మోసుకొచ్చేసరికి ముఖం గుర్తుపట్టలేనంతగా ఉబ్బిపోయి ఉంది.

"ఏం తాగింది?" అని అడిగాడు డాక్టర్ నౌఫల్. ఉత్తరాది నగరం టాంజియర్ కుర్రాడు, ఈ ఊరొచ్చి ఆరు నెలలు.

"తకావుత్" అన్నారు పొరుగువాళ్ళు.

ఆయనకు ఆ మాట తెలియదు. ఆసుపత్రి ప్రయోగశాలలో పనిచేసే రుఖియా వైపు తిరిగాడు. ఆ వీధిలో మొట్టమొదట డిగ్రీ చదివిన మనిషి ఆమె, అదీ రసాయనశాస్త్రం. అంతకుమించి తోళ్ళ పనివాడి కూతురు.

"అది చెట్టుకాయ డాక్టర్‌గారూ. మా ఇంట్లో బస్తాలకొద్దీ ఉంటుంది. దానివల్ల ఏమీ కాదు" అంది రుఖియా, ఒక్క క్షణం కూడా ఆలోచించకుండా.

ఆయన ఆ మాట నమ్మి కాగితం మీద అలర్జీ అని రాశాడు. సూది వేయించాడు.

ఇప్పుడు పది దాటింది.

గాజుగొట్టంలో అత్త మూత్రం పాలు కలపని చిక్కటి టీలా ఉంది. రుఖియా సూక్ష్మదర్శిని మీంచి తలెత్తేసరికి డాక్టర్ గుమ్మంలోనే నిలబడి ఉన్నాడు.

"రక్తమేనా?"

"పరీక్ష పట్టీ ముంచితే రక్తం ఉన్నట్టే చూపిస్తోంది. కానీ ఇందులో చూస్తే రక్తకణాలు లేవు."

"రెండుసార్లు చూశారా?"

"మూడుసార్లు చూశాను."

ఆయన గోడకు ఆనుకున్నాడు. "అంటే కండరాలు కరిగి వస్తున్నాయి. చెట్టుకాయ కండరాల్ని కరిగిస్తుందా రుఖియా?"

రుఖియా మళ్ళీ సూక్ష్మదర్శిని మీదికి వంగింది. ఇంతలో బల్ల మీది ఫోన్ మోగింది. రబాత్ నుంచి. రుఖియా డాక్టరుకూ వినపడేలా మీట నొక్కింది. అవతల ఎవరో పెద్దావిడ, తొందరపడని గొంతు.

"మీ వైపు నుంచి మాకు ఇలాంటి ఫోన్లు కొత్త కాదమ్మా. తకావుత్ అంటున్నారు, సరే. బెల్దీయా, రూమీయా?"

ఆ దేశంలో ఏ సరుకుకైనా ఈ ప్రశ్న ఉంటుంది. బెల్దీ అంటే నాటుది. రూమీ అంటే సముద్రం అవతలి దొరల దగ్గర్నుంచి వచ్చినది, మన పెద్దవాళ్ళ భాషలో సీమది. కోళ్ళలో నాటుకోడి, సీమకోడి. సబ్బుల్లో నాటు సబ్బు, సీమ సబ్బు. సంతలో అందరికీ నోటికొచ్చిన మాటలే. కానీ తకావుత్ విషయంలో ఆ ఒక్క మాటలోనే అంతా ఉంది.

"సీమ తకావుత్ అంటే ఆడవాళ్ళు జుట్టు నలుపుకీ, గోరింటాకు నల్లగా పండటానికీ కలిపే నల్లరాయి" అంది రబాత్ ఆవిడ. "అది చెట్టుకి కాసేది కాదు, కర్మాగారంలో చేసేది. మొదట్లో మీ కాయకి బదులుగా నలుపుకి వాడారని ఆ కాయ పేరే దీనికీ పెట్టేశారు. నోట్లోకి పోతే ముందు గొంతు మూసుకుపోతుంది, తర్వాత కండరాలు, ఆ తర్వాత మూత్రపిండాలు. సీమదే అయితే వాపు తగ్గుతుందని కాచుక్కూచోకండి, తగ్గదు. గొంతుకి దారి చేసి పెద్దాసుపత్రికి పంపండి. దాని అసలు పేరు రాసుకో. పారా... ఫినిలీన్... డయమీన్."

రుఖియా రాసుకోలేదు. ఆ పేరు ఆమెకు వచ్చు.

రెండో ఏడాది పరీక్షలో వచ్చిన ప్రశ్న అది. ఆరు కార్బన్ల వలయం గీసి, పైన ఒక అమీన్, సరిగ్గా దానికి ఎదురుగా కింద ఇంకో అమీన్ పెట్టింది. పక్కన "డయమీన్ అంటే రెండు అమీన్లు, పారా అంటే అవి ఎదురెదురుగా ఉన్నాయని" రాసింది. ఉపయోగాలు రాయమంటే రంగులు, రబ్బరు, ఫొటోలు కడగడం అని రాసింది. మార్కులన్నీ వచ్చాయి. ఇంటి వెనక సందులో పెళ్ళికూతుళ్ళను ముస్తాబు చేసే ఆడవాళ్ళు గిన్నెలో నానబెట్టే నల్లరాయి అదేనని ఏ పుస్తకమూ చెప్పలేదు. ఆమె కూడా అడగలేదు. తోళ్ళ పనివాళ్ళ ఇంట్లో తకావుత్ అంటే కాయ. ముస్తాబు చేసేవాళ్ళ ఇంట్లో తకావుత్ అంటే రాయి. రెండిళ్ళ మధ్య ఒక్క గోడ.

"విన్నారుగా డాక్టర్‌గారూ. గొంతుకి దారి చేయండి" అంది ఫోన్ పెట్టేసి.

"ఏదని చేయను?" అన్నాడాయన. "మీ అత్తకి గుండెజబ్బు. రక్తం పలచబడే మాత్రలు వేసుకుంటోంది. గొంతు కోస్తే రక్తం ఆగకపోవచ్చు. అలర్జీ అయితే ఇప్పుడు వేసిన రెండో సూదికి అరగంటలో వాపు దిగుతుంది, కోతే అక్కర్లేదు. పొద్దున మీరే కాయ అన్నారు. ఇప్పుడు రాయి అంటారా?"

"తెలీదు."

"తెలుసుకోండి. మిగిలిన పొట్లం ఏదీ?"

"పొయ్యిలో పడేశారట."

ఆయన గడియారం చూశాడు. "ఇరవై నిమిషాలు. అంతకన్నా ఆగలేను. ఆగితే కోయడానికి కూడా మెడ దొరకదు."

రుఖియా తెల్లకోటుతోనే బయటికి పరిగెత్తింది.

గురువారం సంత. గొర్రెల గుంపు దారికి అడ్డంగా నిలబడి కదలనంటోంది. ఖర్జూరాల వరస దాటి, ఉప్పు బస్తాలు దాటి, ఎంబారెక్ కొట్టుకు చేరేసరికి ఏడు నిమిషాలు అయిపోయాయి. ఎదురు కొట్టు మసాలాలాయన ఆమె కోటు చూసి నవ్వాడు.

"హాజీ, చూసుకో! ఆసుపత్రివాళ్ళకి మందులు అయిపోయినట్టున్నాయి, నీ దగ్గరికే వచ్చారు!"

ఎంబారెక్ కూడా నవ్వాడు. డెబ్భై ఏళ్ళవాడు, గడ్డం చివర గోరింటాకు రంగు. "రావమ్మా చదువులమ్మా. మీ నాన్నకి ఇంకో బస్తా కాయ కావాలా?"

"హాజీ బాబాయ్, మంగళవారం మా ఇజ్జా అత్త వచ్చి ఏం కొంది?"

"మంగళవారం నేను మంచం దిగితే కదా! ఒళ్ళు కాలిపోయింది. కొట్లో మా అమ్మాయి కూచుంది. ఏమే మైమూనా!"

బస్తాల వెనక నుంచి మైమూనా చేతులు దులుపుకుంటూ వచ్చింది. ఇరవై రెండేళ్ళ పిల్ల, ఆరో తరగతి దాకా చదివింది. "తకావుత్ కొంది అక్కా. చిగుళ్ళకి అంది. కాయలొద్దు, పొడే ఇవ్వు, నాకు నూరుకునే ఓపిక లేదంది. ఎలా ఉంది అత్తకి?"

"ఏ డబ్బాలోంచి ఇచ్చావ్?"

"ఏ డబ్బా ఏంటి?" ఎంబారెక్ మధ్యలో అందుకున్నాడు. "ఉన్నది ఒకటే పొడి. కాయ పొడి. మీ నాన్న పుట్టకముందు నుంచీ అమ్ముతున్నాం."

"సీమది లేదా కొట్లో?"

ముసలాయన చేతిలోని తక్కెడ గొలుసు ఆగిపోయింది. "సీమదా? లైసెన్సు లేకుండా అది అమ్మితే లోపలేస్తారని చంటిపిల్లాడికి కూడా తెలుసు. ఈ గడ్డం చూసి మాట్లాడు. మక్కా వెళ్ళొచ్చినవాణ్ణి."

"మీరు అమ్మారని నేను అనలేదు. ఉందా అని అడిగాను."

"లేదు."

"బాబాయ్, అత్త ముఖం ఉబ్బిపోయింది. నాలుక నోట్లో పట్టడం లేదు."

మైమూనా ఉన్నచోటే బస్తా మీద కూలబడింది. ఎంబారెక్ చూపు తప్పించాడు. "తేనెటీగ కుట్టినా అలాగే ఉబ్బుతుంది."

"తేనెటీగ కుడితే మూత్రం నల్లగా రాదు."

ఆ మాటకు ముసలాయన కూతురి వైపు ఒక చూపు చూశాడు. అది మాట్లాడొద్దని చెప్పే చూపు. రుఖియా దాన్ని పట్టుకుంది. ఆయన కళ్ళు అంతలోనే పైకి, మూడో అరవైపు పోయి వెనక్కొచ్చాయి. అదీ పట్టుకుంది. స్టూలు లాక్కుని ఎక్కింది.

"దిగు! పడతావ్!" అన్నాడు ఎంబారెక్.

మూడో అరలో రెండు రేకు డబ్బాలు. ఒకదానికి ఎర్రమూత, ఒకదానికి పచ్చమూత. రెండింటి మీదా ఒకే రకం కాగితం అంటించి ఉంది. రెండింటి మీదా ఒకే మాట. తకావుత్. చక్కటి గుండ్రటి అక్షరాలు, చివరి అక్షరం కింద పడవలా సాగదీసిన గీత. అలా సాగదీయడం ఎర్రాషిదియాలో డిగ్రీ చదివేటప్పుడు హాస్టల్లో రుఖియా కష్టపడి నేర్చుకున్న సోకు.

అది ఆమె చేతిరాత.

రెండేళ్ళ కిందటి మాట. డిగ్రీ పట్టా చేతికొచ్చిన వారం. తనిఖీవాళ్ళు వస్తున్నారు, ప్రతి డబ్బా మీదా పేరుండాలట, మన వీధిలో చదువుకున్నదానివి నువ్వే కదా అని ఎంబారెక్ స్వయంగా ఇంటికొచ్చి పిలిచాడు. నాన్న ఆ రోజంతా పొంగిపోయాడు. ఇజ్జా అత్త వెంట వచ్చి, కొట్టు గుమ్మంలో కూర్చుని, దారిన పోయే ప్రతివాళ్ళకూ "మా పిల్లే రాస్తోంది" అని చెప్పింది. రుఖియా నలభై డబ్బాలకు పేర్లు రాసింది. ఈ రెండింటి దగ్గరికొచ్చేసరికి ఎంబారెక్ "దీని మీద నాటు అని రాయి, దాని మీద సీమ అని రాయి" అన్నాడు. ఆమెకు నవ్వొచ్చింది. "అవి వస్తువు పేర్లు కాదు బాబాయ్, సంతలో కోళ్ళ బేరానికి వాడే మాటలు. తనిఖీ ఆయన నవ్వుతాడు. వస్తువు పేరేమిటో చెప్పండి." ఆయన తల గోక్కుని, "రెండూ తకావుతే" అన్నాడు. ఆమె రెండింటి మీదా అదే రాసింది.

వస్తువు పేరేమిటో చెప్పమంది. పేరు ఆమె బుర్రలోనే ఉంది. డబ్బా మూత తీసి చూడలేదు, అంతే.

స్టూలు మీద నిలబడే ఉంది. ఒక్క గోరు పెట్టి లాగితే ఆ కాగితం ఊడొస్తుంది. ఆ ఆలోచన వచ్చింది, రాలేదనడం అబద్ధం. కాగితం లేకపోతే తప్పు ఆ అమ్మాయిది, కాకపోతే ముసలాయనది. చేయి డబ్బా దాకా వెళ్ళింది కూడా.

"నేను చదివే ఇచ్చానక్కా" అంటోంది కింద మైమూనా, ఏడుపు గొంతుతో. "నా అంతట నేను ఇవ్వలేదు. రెండింటి మీదా అదే రాసుంది. రెండూ ఒకటేననుకున్నాను. ముందున్నది తీశాను. ఎర్రమూతది."

రుఖియా చేయి వెనక్కి తీసుకుని కిందికి దిగింది.

"విన్నావా?" అన్నాడు ఎంబారెక్ హఠాత్తుగా, కోపంగా. "నాకు అక్షరం ముక్క రాదు. నలభై ఏళ్ళు ఈ కొట్లో కూచున్నా. ఒక్కనాడు ఒకదానికొకటి ఇచ్చిన పాపాన పోలేదు. వాసన చూస్తా, వేళ్ళతో నలుపుతా, ఇస్తా. చదవడం వచ్చిన పిల్ల ఏం చేసింది? కాయితాన్ని నమ్మింది. నీ కాయితాన్ని."

"అవును. నా కాగితమే."

ఆమె ఎదురుతిరుగుతుందనుకున్నాడు. తిరగకపోయేసరికి ఆయన కోపానికి పట్టు దొరకలేదు.

"ఎర్రమూత డబ్బాలో ఏముంది బాబాయ్?"

ఆయన తక్కెడ అందుకుని తుడవసాగాడు.

"నాకు తెలుసు. మీకూ తెలుసు. కానీ నేను పొద్దున తెలుసనుకునే తప్పు చెప్పాను. ఇప్పుడు ఊహించి చెప్పలేను. ఆ డబ్బా తెచ్చి నింపింది మీరు. మీ నోటితో చెప్పండి."

"చెప్తే నేను జైలుకి పోతా. ఈ వయసులో. నీకేమవుతుంది? మహా అయితే ఇంకో పట్టా ఇస్తారు."

"డాక్టరుకి మీ పేరు చెప్పేటప్పుడు నా పేరు కూడా చెప్తాను. ముందు నాదే చెప్తాను."

"చెప్పడం తేలికే. చెప్పాక ఊళ్ళో తిరగడం చూద్దువుగాని!"

"నేను ఊళ్ళో తిరగడం సంగతి తర్వాత. అత్త ఊపిరి సంగతి చెప్పండి!"

గుప్పిట్లో ఫోన్ మోగింది. డాక్టర్. రుఖియా మీట నొక్కి, ఫోన్ ముసలాయన ముఖానికి దగ్గరగా పట్టుకుంది, అందరికీ వినపడేలా.

"రుఖియా, నాలుక బయటికొచ్చేసింది. ఇంక టైము లేదు. ఏదో ఒకటి తేల్చండి."

ఆయన మాటల వెనక ఇంకో చప్పుడు వినిపిస్తోంది. సన్నగా, కోసినట్టు, తలుపు సందులోంచి ఇసుకగాలి దూరేటప్పుడు వచ్చే ఈల లాంటిది. ఆగుతోంది. మళ్ళీ వస్తోంది. ఆగినప్పుడు వెంటనే మొదలుకావడం లేదు.

"ఏంటది?" అన్నాడు ఎంబారెక్.

"అత్త ఊపిరి."

ఎంబారెక్ ఇజ్జాను పుట్టినప్పటి నుంచీ ఎరుగును. ఒకే వాడలో పెరిగారు. ఆమె పెళ్ళిలో డప్పు పట్టుకుని మూడు రోజులు పాడింది ఆయనే. రోజూ కొట్టు ముందు నుంచి వెళ్తూ "బతికే ఉన్నావా ఎంబారెక్?" అని ఆమె, "నిన్ను సాగనంపకుండా నేను పోతానా?" అని ఆయన ఎగతాళి చేసుకోవడం సంతంతా ఎరుగును.

ఫోన్‌లో ఈల ఆగింది. ఈసారి చాలాసేపు ఆగింది.

"సీమది!" అని అరిచాడు ఎంబారెక్, ఎదురు కొట్టువాళ్ళందరికీ వినపడేటట్టు. "డాక్టరుగారూ, సీమ తకావుత్! ఎర్రమూత డబ్బాలో ఉన్నది సీమది. నేనే తెచ్చా, నేనే దంచి పోశా. ముస్తాబు చేసే ఆడవాళ్ళు అడుగుతారని. ఇజ్జా తాగింది అదే!"

"పారాఫినిలీన్‌డయమీన్, డాక్టర్‌గారూ" అంది రుఖియా. "పొద్దున నేను తప్పు చెప్పాను. డబ్బా మీద పేరు తప్పు రాసింది కూడా నేనే. నాటుదీ సీమదీ వేరని రాయలేదు..."

"అవన్నీ తర్వాత!" అన్నాడాయన. కత్తి అడుగుతున్న మాట, ఎవరో పరిగెడుతున్న అడుగులు వినబడ్డాయి. ఫోన్ ఆగిపోయింది.

ఎదురు మసాలాలాయన తన స్టూలు మీంచి లేచి నిలబడ్డాడు గానీ ఇటు రాలేదు. ఎంబారెక్ తలపాగా తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. అది లేకపోతే ఆయన మరీ చిన్న మనిషిలా ఉన్నాడు.

"ఇంకో సంగతి కూడా విను" అన్నాడు మెల్లగా. "ఆ రోజు నువ్వు సీమ అని రాయనన్నప్పుడు నేను గట్టిగా చెప్పొచ్చు. చెప్పలేదు. ఆ మాట లేకపోతే తనిఖీవాడి కంట పడదులే, నాకూ మంచిదేలే అనుకున్నా. నీది తెలియనితనం. నాది తెలిసి చేసింది."

రుఖియా మళ్ళీ స్టూలు ఎక్కింది. రెండు డబ్బాలూ కిందికి దింపింది. పాత కాగితాలు రెండూ గోటితో గీకి తీసేసింది. మైమూనాను కలం అడిగింది. పచ్చమూత మీద "నాటు తకావుత్, కాయ" అని రాసింది. ఎర్రమూత మీద "సీమ తకావుత్. విషం. నోట్లోకి పోకూడదు" అని రాసి, ఆగి, కింద పొడవాటి పేరు కూడా రాసింది. తొందరలో అక్షరాలు వంకరపోయాయి. ఏ అక్షరాన్నీ సాగదీయలేదు.

"ఆ కిందది ఏంటి, పామంత పొడుగుంది?" అన్నాడు ఎంబారెక్.

"దాని అసలు పేరు."

"దీనికి ఇంత పేరుందా?" ఆయన ఆ గీతల వైపు చాలాసేపు చూశాడు. "ఆ రోజే రాయాల్సింది తల్లీ."

ఆ మాటలో దెప్పిపొడుపు లేదు. అందుకే ఆమెకు అది ఎక్కువ గుచ్చుకుంది.

ఫోన్‌లో చిన్న మోత. డాక్టర్ పంపిన రెండు ముక్కలు. గొంతుకి దారి చేశాం, ఊపిరి ఆడుతోంది. అంబులెన్స్ ఎర్రాషిదియా పెద్దాసుపత్రికి బయల్దేరింది. మూత్రపిండాల సంగతి రేపటిదాకా చెప్పలేం.

రుఖియా ఆ ముక్కల్ని పైకి చదివింది. ఎంబారెక్ రెండు అరచేతులూ ముఖానికి అద్దుకున్నాడు. రేపటిదాకా ఆశ పెట్టుకోవచ్చు. ఆ మాట ఒక్కటే ఇప్పటికి చేతిలో ఉంది.

ఎర్రమూత డబ్బాను సంచీలో పెట్టుకోబోతూ రుఖియా మూత తీసి లోపలికి చూసింది. ప్రయోగశాలలో రోజూ చేసే పని. నమూనా ఎంత ఉంది, ఎంత పోయింది అని చూడటం అలవాటు. పొడి మట్టంగా ఉన్నచోట గరిటెతో తీసిన గుంట ఉంది. గుంటలు రెండున్నాయి.

"ముస్తాబువాళ్ళు ఎవరైనా కొన్నారా ఈ వారం?"

"లేదు" అన్నాడు ఎంబారెక్. "ఆదివారం కొత్తగా పోసి మట్టం చేసింది నేనే. ఈ నెల్లో పెళ్ళిళ్ళు లేవు."

ఇద్దరూ మైమూనా వైపు చూశారు. ఆ పిల్ల కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఉంది.

"మంగళవారమే అక్కా" అంది. "మీ అత్త వెళ్ళాక ఇంకొకావిడ వచ్చింది. చిగుళ్ళకి ఏమిచ్చావో నాకూ అదే ఇవ్వు అంది. మనవరాలికి నోరు పూసిందట. తేనెలో కలిపి నాలిక్కి రాస్తానంది."

"ఎవరావిడ?"

"తెలీదు. ఎడారి వైపు నుంచి వచ్చింది. ఎడమచేతి చూపుడువేలు సగమే ఉంది. తావూజ్ వైపు వెళ్ళే వ్యానెక్కింది."

"రాసేసిందా మరి? రెండు రోజులైంది కదా!" ఎంబారెక్ లేచి నిలబడ్డాడు.

"లేదు లేదు. జుమా నమాజు అయ్యాక మొదలుపెడితే మందుకి బరకత్ ఉండి బాగా పనిచేస్తుందంది. శుక్రవారం మధ్యాహ్నం దాకా కట్టిన పొట్లం విప్పనంది."

శుక్రవారం అంటే రేపు. తావూజ్ దారి పొడవునా ఇసుకలో విసిరేసినట్టు ఇళ్ళు. ఏ ఇంటికి వెళ్ళాలో తెలియదు. ఆవిడ పేరు తెలియదు.

"పిల్ల పేరేమైనా చెప్పిందా?" అంది రుఖియా.

"ఆ, అది చెప్పింది. రెండు మూడుసార్లు అంది ముద్దుగా. తుదెర్త్ అట. మూడేళ్ళ పిల్లట."

తుదెర్త్. వాళ్ళ భాషలో ఆ మాటకు బతుకు అని అర్థం.

పాఠకులకు ఒక్క మనవి. వారమంతా మీకు ఎన్నో పనులుంటాయి, ఎవరెవరివో పేర్లు వింటూ ఉంటారు. ఇజ్జా అత్త దగ్గర డాక్టర్లున్నారు, ఆమెను వాళ్ళు చూసుకుంటారు. ఈ పిల్ల దగ్గర మాత్రం మనవరాలి నోరు తొందరగా మానాలని కోరుకునే నాయనమ్మ, గూట్లో కట్టినది కట్టినట్టున్న ఒక పొట్లం, అంతే ఉన్నాయి. ఎడారి అంచున ఏదో ఒక మట్టింట్లో, నోరు పూసి రొట్టె తినలేక ఏడుస్తున్న మూడేళ్ళ తుదెర్త్‌ను మీరు గుర్తుపెట్టుకోండి.